శుక్రుడు దక్కలేదు, పంచాంగ గణితం దక్కింది: పుదుచ్చేరిలో ఫ్రెంచ్ ఖగోళవేత్త లె జాంతీ జీవితం

పుదుచ్చేరి: విజ్ఞానశాస్త్ర చరిత్రలో దురదృష్టానికి మారుపేరుగా నిలిచిన వ్యక్తి గియోమ్ లె జాంతీ. 18వ శతాబ్దపు ఈ ఫ్రెంచ్ ఖగోళవేత్త శుక్రగ్రహం సూర్యబింబాన్ని దాటే దృశ్యాన్ని పరిశీలించేందుకు పుదుచ్చేరికి బయలుదేరి, పదకొండేళ్లకు పైగా సముద్రాలపైనా దీవులపైనా గడిపాడు. 1761లో యుద్ధం, 1769లో మేఘం ఆయన లక్ష్యాన్ని భగ్నం చేశాయి. ఈ వైఫల్య గాథ లోకమంతటా ప్రచారంలో ఉంది. అయితే ఆయన పుదుచ్చేరిలో ఉన్న కాలంలోనే దక్షిణ భారత పంచాంగకర్తల గణిత పద్ధతిని స్వయంగా అభ్యసించి, దానిని ఐరోపా పండితుల ముందుంచాడు. ప్రాచీన ఖగోళ విద్యను ఆధునిక విజ్ఞానంతో ముఖాముఖి నిలిపిన ఆ కృషి మాత్రం అంతగా చర్చకు రాలేదు.

మతవిద్య నుంచి వేధశాలకు

లె జాంతీ 1725 సెప్టెంబరు 12న ఫ్రాన్స్‌లోని నార్మండీ ప్రాంతంలో ఉన్న కుటాన్స్ పట్టణంలో జన్మించాడు. క్రైస్తవ మతాచార్యుడు కావాలన్న ఉద్దేశంతో పారిస్ చేరి వేదాంత విద్య ఆరంభించాడు. ఆ రోజుల్లోనే ప్రసిద్ధ ఖగోళవేత్త జోసెఫ్ నికొలా దెలీల్ ఉపన్యాసాలు వినడం ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది. పారిస్ వేధశాలలో కసీనీ కుటుంబం వద్ద పరిశీలనా విద్యలో శిక్షణ పొందాడు. 1749లో ఆండ్రోమెడా నక్షత్రవీధికి తోడుగా కనిపించే చిన్న నక్షత్రవీధిని గుర్తించాడు. నేటి ఖగోళ జాబితాల్లో అది ఎం32గా నమోదై ఉంది. 1753లో ఫ్రెంచ్ రాజ విజ్ఞాన అకాడమీ ఆయనను సభ్యునిగా స్వీకరించింది.

ఆ కాలపు ఖగోళవేత్తలను వేధించిన ప్రశ్న ఒకటే: భూమి నుంచి సూర్యుడు ఎంత దూరంలో ఉన్నాడు? గ్రహాల దూరాల మధ్య నిష్పత్తులు కెప్లర్ సూత్రాల వల్ల తెలిసినా, అసలు కొలత మాత్రం తెలియదు. ఒక్క దూరం కచ్చితంగా తెలిస్తే సౌరకుటుంబం మొత్తానికీ కొలబద్ద దొరుకుతుంది. ఇంగ్లండ్‌కు చెందిన ఎడ్మండ్ హేలీ 1716లో ఇందుకు మార్గం సూచించాడు. శుక్రుడు సూర్యునికీ భూమికీ మధ్యకు వచ్చి, చిన్న నల్లని చుక్కలా సూర్యబింబాన్ని దాటుతున్నప్పుడు, భూమిపై ఒకదానికొకటి చాలా దూరంగా ఉన్న ప్రదేశాల నుంచి ఆ ప్రయాణ కాలాన్ని కొలవాలి. చూసే చోటు మారితే చుక్క నడిచే దారి కొద్దిగా జరుగుతుంది. మన సిద్ధాంత గ్రంథాలు లంబనం అని పిలిచే ఈ భేదం నుంచి సూర్యుని దూరాన్ని లెక్కకట్టవచ్చు.

చిక్కంతా అవకాశాల కొరతలోనే ఉంది. శుక్ర అంతర్యానాలు ఎనిమిదేళ్ల వ్యవధితో జంటగా వస్తాయి. ఒక జంట ముగిశాక మరో జంట కోసం వందేళ్లకు పైగా ఎదురుచూడాలి. హేలీ 1742లో మరణించాడు. 1761, 1769 సంవత్సరాల జంట తర్వాతి తరం వంతయింది. అందులో భాగంగా తూర్పు దిక్కున పరిశీలనకు ఫ్రెంచ్ స్థావరమైన పుదుచ్చేరి ఎంపికైంది. ఆ బాధ్యతను 34 ఏళ్ల లె జాంతీ స్వీకరించాడు.

సముద్రం మీద తొలి పరాభవం

1760 మార్చి 26న బ్రెస్ట్ రేవు నుంచి బయలుదేరిన లె జాంతీ జూలై 10న ఇల్ ద ఫ్రాన్స్, అంటే నేటి మారిషస్ చేరాడు. అప్పటికి ఫ్రాన్స్, బ్రిటన్‌ల మధ్య ఏడేళ్ల యుద్ధం సాగుతోంది. పుదుచ్చేరిని బ్రిటిష్ సేనలు ముట్టడించాయన్న వార్త దీవికి చేరింది. కోరమాండల్ తీరానికి వెళ్లే ఓడ కోసం నెలల తరబడి వేచి ఉండి, ఎట్టకేలకు 1761 మార్చిలో ఒక ఫ్రెంచ్ యుద్ధనౌకలో ఆయన ప్రయాణమయ్యాడు. ప్రతికూల పవనాలు నౌకను హిందూ మహాసముద్రంలో దారి తప్పించాయి. మే నెల చివరికి మలబారు తీరం సమీపించినప్పుడు, మాహే, పుదుచ్చేరి రెండూ బ్రిటిష్ వారి వశమయ్యాయని తెలిసింది. పుదుచ్చేరి జనవరిలోనే లొంగిపోయింది. నౌక వెనుదిరిగింది.

1761 జూన్ 6న ఆకాశం నిర్మలంగా ఉంది. లె జాంతీ ఓడ మీద నుంచే శుక్రుని చూశాడు. అయితే ఊగే ఓడపై లోలక గడియారం సరిగా నడవదు, ఓడ ఉన్న చోటి రేఖాంశమూ కచ్చితంగా తెలియదు. కాలమూ స్థానమూ తెలియని పరిశీలన లెక్కకు పనికిరాదు. అదే రోజు మద్రాసులో విలియం హర్స్ట్ అనే ఆంగ్ల మతాధికారి గవర్నరు నివాసం నుంచి ఆ దృశ్యాన్ని పరిశీలించి నమోదు చేశాడు. యుద్ధం ఒక్క ఫ్రెంచ్ వారినే అడ్డుకోలేదు. సుమత్రా దీవికి పంపదలచిన ఆంగ్లేయులు మేసన్, డిక్సన్‌ల నౌకపై ఫ్రెంచ్ యుద్ధనౌక దాడి చేయగా, వారు చివరకు దక్షిణాఫ్రికా కొసన ఉన్న కేప్‌లో పరిశీలన జరిపారు.

లె జాంతీ ఫ్రాన్స్‌కు తిరిగి వెళ్లలేదు. ఎనిమిదేళ్లలో మరో అవకాశం వస్తుందని తెలిసి, అంతవరకు ఈ సముద్రాల్లోనే ఉండిపోవాలని నిశ్చయించుకున్నాడు. మడగాస్కర్ తూర్పు తీరాన్ని సర్వే చేశాడు. దీవుల వృక్షాలు, జంతువులు, అలల పోటుపాటులు, రుతుపవనాల గతిని నమోదు చేశాడు. రెండో అంతర్యానానికి ఫిలిప్పీన్స్‌లోని మనీలా అనువైనదని గణించి, 1766లో స్పెయిన్ నౌకలో అక్కడికి చేరాడు. స్థానిక స్పానిష్ గవర్నరు ఆయనను అనుమానంతో చూశాడు. పారిస్ నుంచి వచ్చిన పరిచయ పత్రాలు కూడా నకిలీవేమోనన్న శంక తలెత్తింది. మరోవైపు అకాడమీలోని సహచరులు పుదుచ్చేరినే మేలైన స్థానంగా భావించారు. 1763 నాటి పారిస్ ఒప్పందం ఫలితంగా ఆ పట్టణం 1765లో తిరిగి ఫ్రెంచ్ వారి చేతికి వచ్చింది. లె జాంతీ మనీలా విడిచి 1768 మార్చి 27న పుదుచ్చేరి తీరంలో అడుగుపెట్టాడు.

శిథిలాల మీద వేధశాల

ఆయన చూసిన పుదుచ్చేరి ఒకప్పటి వైభవం కోల్పోయిన పట్టణం. బ్రిటిష్ సేనలు 1761లో కోటను, భవనాలను నేలమట్టం చేశాయి. గవర్నరు జాన్ లా ద లోరిస్తోన్ పునర్నిర్మాణం సాగిస్తున్నాడు. ఆయన లె జాంతీని ఆదరించి, కోట శిథిలాలపై వేధశాల కట్టించాడు. దాని అడుగున ఉన్న గదులు మందుగుండు గిడ్డంగిగా ఉపయోగపడేవి. పగలూ రాత్రీ ఆకాశాన్ని చూస్తూ లె జాంతీ పట్టణపు అక్షాంశ రేఖాంశాలను నిర్ణయించాడు. కొద్ది కాలం క్రితం వరకు శత్రువులైన మద్రాసు ఆంగ్లేయులు ఆయనకు మంచి దూరదర్శినిని సమకూర్చారు. యుద్ధం విడగొట్టిన వారిని ఆకాశం తాత్కాలికంగా కలిపింది.

పుదుచ్చేరిలో 1769 అంతర్యానం చివరి భాగం మాత్రమే, జూన్ 4 సూర్యోదయ వేళ కనిపించాలి. మే నెలంతా ఉదయాలు నిర్మలంగా గడిచాయి. జూన్ 3 సాయంత్రం గవర్నరుతో కలిసి గురుగ్రహపు ఉపగ్రహాలను చూసినప్పుడు కూడా ఆకాశం తేటగానే ఉంది. అర్ధరాత్రి దాటాక మబ్బులు కమ్మాయి. తెల్లవారుజామున గాలి వీచినా తెర తొలగలేదు. శుక్రుడు సూర్యబింబాన్ని విడిచి వెళ్లిన తర్వాత గానీ సూర్యుడు బయటపడలేదు. ఆ తర్వాత రోజంతా ఎండ కాసింది. ఆయన వదిలి వచ్చిన మనీలాలో ఆ ఉదయం ఆకాశం నిర్మలంగా ఉండి, పరిశీలన సఫలమైంది. ఈ సంగతి తర్వాత తెలిసి గాయం మరింత లోతైంది. రెండు వారాలకు పైగా ఆయన దినచర్య పుస్తకంలో కలం పెట్టలేకపోయాడు.

గవ్వలతో గ్రహణ గణితం

ఈ నిరాశకు ముందూ తర్వాతా ఆయన పుదుచ్చేరిలో దాదాపు రెండేళ్లు గడిపాడు. ఆ వ్యవధిలో ఆయన దృష్టిని ఆకర్షించినది స్థానిక పంచాంగకర్తల విద్య. కాగితం, కలం లేకుండా, నేలపై గవ్వలు పేర్చి, కంఠస్థం చేసిన పదబంధాలను వల్లిస్తూ వారు చంద్రగ్రహణ సమయాన్ని చెప్పేవారు. లె జాంతీ వారిని ఆశ్రయించి ఆ పద్ధతిని నేర్చుకున్నాడు.

ఆయన నేర్చినది తమిళ దేశంలో వాడుకలో ఉన్న వాక్య పద్ధతి. ఇందులో చంద్రుని స్థానాలు సంఖ్యలుగా కాక, అర్థవంతమైన చిన్న వాక్యాలుగా ఉంటాయి. ప్రతి అక్షరానికీ ఒక అంకె విలువ ఉండే కటపయాది విధానం దీనికి ఆధారం. మేళకర్త రాగాల పేర్లలోని తొలి రెండక్షరాల నుంచి రాగ సంఖ్యను రాబట్టే పద్ధతిగా ఇది తెలుగు సంగీతాభిమానులకు సుపరిచితమే. వరరుచి పేరుతో ప్రసిద్ధమైన చంద్రవాక్యాలు 248. చంద్రుడు భూమికి అతి సమీప బిందువు నుంచి బయలుదేరి మళ్లీ అక్కడికి చేరడానికి సుమారు ఇరవై ఏడున్నర రోజులు పడుతుంది. అటువంటి తొమ్మిది ఆవృత్తులు దాదాపు సరిగ్గా 248 రోజులకు సమానం. కాబట్టి రోజుకొక వాక్యం చొప్పున గుర్తుంచుకుంటే, ఆ చక్రం పూర్తయ్యాక మళ్లీ మొదటి నుంచి వాడుకోవచ్చు. గణకుడు కలియుగాది నుంచి గడిచిన రోజులను లెక్కించి, పెద్ద చక్రాలను తీసివేసి, మిగిలిన సంఖ్యకు తగిన వాక్యాన్ని తలచుకుంటాడు. గవ్వలు కూడికలకూ తీసివేతలకూ పనికివస్తాయి.

ఈ విధానంలోని వేగం లె జాంతీని ఆశ్చర్యపరిచింది. లోపాన్నీ ఆయన గమనించాడు. గవ్వలు కదిపిన కొద్దీ వెనకటి అంకెలు చెరిగిపోతాయి. మధ్యలో పొరపాటు జరిగితే దాన్ని వెతికే వీలు లేక, లెక్క మొదటికి రావలసిందే. సూత్రాల వెనుక ఉన్న కారణాలను ఆ గణకులు వివరించలేకపోతున్నారన్న అభిప్రాయమూ ఆయనకు కలిగింది. అయినా ఫలితాన్ని పరీక్షించకుండా కొట్టివేయలేదు. 1765 ఆగస్టు 30 నాటి చంద్రగ్రహణ వ్యవధిని ఆ పద్ధతిలో గణించి చూశాడు. వాస్తవ వ్యవధి కంటే 41 సెకన్లు మాత్రమే తక్కువ వచ్చింది. ఐరోపాలో అత్యుత్తమమైనవిగా పేరొందిన టోబియాస్ మేయర్ చంద్ర పట్టికల ప్రకారం గణిస్తే 68 సెకన్లు ఎక్కువ వచ్చింది. ఒక్క గ్రహణంతో ఒక శాస్త్రం గొప్పదనం నిర్ధారణ కాదు. కానీ కొలిచి చూసిన తర్వాతే తీర్పు చెప్పాలన్న నియమాన్ని ఆయన పరాయి విద్యకూ వర్తింపజేశాడు.

ఆయన పరిశీలన ఆకాశానికే పరిమితం కాలేదు. పుదుచ్చేరి దక్షిణాన అరియాంకుప్పం నది ఒడ్డున కనిపించిన పాత ఇటుక గోడల ప్రస్తావన ఆయన రచనలో ఉంది. 1945లో మార్టిమర్ వీలర్ తవ్వకాలతో అదే ప్రాంతం అరికమేడుగా, ప్రాచీన రోమన్ వాణిజ్యంతో ముడిపడిన రేవు పట్టణంగా లోకప్రసిద్ధమైంది.

బతికుండగానే మృతుల జాబితాలో

1770 మార్చి 1న లె జాంతీ అనారోగ్యంతో పుదుచ్చేరి విడిచాడు. ఇల్ ద ఫ్రాన్స్‌లో నెలల తరబడి ఆగవలసి వచ్చింది. ఎక్కిన ఓడ తుపానులో దెబ్బతిని తిరిగి దీవికే చేరింది. చివరకు 1771లో స్పెయిన్ యుద్ధనౌకలో కాడిజ్ రేవు చేరి, పిరనీస్ పర్వతాలు దాటి, అక్టోబరు 8న స్వదేశంలో కాలుపెట్టాడు. బయలుదేరి అప్పటికి 11 సంవత్సరాల 6 నెలల 13 రోజులు.

ఊళ్లో ఆయన మరణించాడన్న వదంతి స్థిరపడిపోయింది. వారసులు ఆస్తి పంపకానికి సిద్ధమయ్యారు. ఆస్తి వ్యవహారాలు చూసిన ప్రతినిధి వద్ద సొమ్ము పోయింది. దానికై వేసిన దావా వీగిపోయి, ఖర్చులు ఆయన మీదే పడ్డాయి. అకాడమీలోని స్థానం కూడా మరొకరికి దక్కింది. తర్వాత ఆయనకు తిరిగి సభ్యత్వం లభించింది. ఆయన తిరిగివచ్చేసరికి భార్య మరో వివాహం చేసుకుందన్న కథ ప్రచారంలో ఉన్నా, అందులో నిజం లేదు. యాత్రకు బయలుదేరే నాటికి ఆయన అవివాహితుడు. 1774లో వివాహం చేసుకుని, ఒక కుమార్తెకు తండ్రి అయ్యాడు. హిందూ సముద్రాల యాత్రపై ఆయన రచించిన బృహద్గ్రంథం 1779, 1781 సంవత్సరాల్లో రెండు సంపుటాలుగా వెలువడింది. ఫ్రాన్స్‌లో రాచరికం రద్దయిన నెల రోజులకు, 1792 అక్టోబరు 22న ఆయన కన్నుమూశాడు. చంద్రుని దక్షిణపు అంచు సమీపంలోని ఒక బిలానికి ఆయన పేరు పెట్టారు.

ఆయన లేకుండానే సూర్యుని దూరం తేలింది. 1761, 1769 పరిశీలనలన్నింటినీ క్రోడీకరించి లలాంద్ అనే ఫ్రెంచ్ ఖగోళవేత్త 1771లో దాదాపు 15 కోట్ల 30 లక్షల కిలోమీటర్లకు సమానమైన విలువను ప్రకటించాడు. నేడు అంగీకరించిన సగటు విలువ 14 కోట్ల 96 లక్షల కిలోమీటర్లు. ఈ కొలత కోసం మరింత మూల్యం చెల్లించినవారూ ఉన్నారు. కాలిఫోర్నియా ద్వీపకల్పంలో 1769 అంతర్యానాన్ని విజయవంతంగా పరిశీలించిన షాప్ దొత్రోష్ కొద్ది వారాలకే అక్కడి అంటువ్యాధికి బలయ్యాడు.

తెరుచుకున్న దారి

లె జాంతీ తెచ్చిన భారతీయ గణిత పద్ధతులు ఐరోపాలో పెద్ద చర్చకు దారితీశాయి. అంతకుముందు 17వ శతాబ్దం చివర సయాం నుంచి చేరిన పట్టికలను పెద్ద కసీనీ విప్పి చెప్పాడు. కృష్ణాపురం పేరుతో జెస్యూట్ మతబోధకులు పంపిన పట్టికలు కొన్నేళ్లు పారిస్‌లో పడి ఉన్నాయి. 1787లో జాన్ సిల్వాన్ బెయిలీ వీటన్నింటినీ లె జాంతీ సమాచారంతో కలిపి భారతీయ ఖగోళశాస్త్రంపై గ్రంథం రచించాడు. మరో పట్టికల సంపుటిని, అందులోని అక్షాంశ సూచన ఆధారంగా, ఆయన నరసాపురానికి చెందినదిగా ఊహించాడు. భారతీయ పరిశీలనలు కలియుగాది అయిన క్రీస్తుపూర్వం 3102 నాటివని బెయిలీ వాదించాడు. లప్లాస్ ఆ వాదాన్ని అంగీకరించలేదు. ఆ తేదీ ప్రత్యక్ష పరిశీలన నుంచి కాక, గణితం ద్వారా వెనక్కి లెక్కించగా వచ్చినదని తర్వాతి పరిశోధకులు తేల్చారు. అతిశయోక్తి తొలగిపోయినా, గణిత పద్ధతిలోని చాతుర్యం నిలిచింది.

లె జాంతీకి శుక్రుడు దక్కని 1769లోనే జన్మించిన జాన్ వారెన్ ఆ పరిశోధనను ముందుకు తీసుకువెళ్లాడు. మద్రాసు వేధశాలలో పనిచేసిన వారెన్ 1825లో ప్రచురించిన కాలసంకలిత గ్రంథంలో దక్షిణ భారత ప్రజలు కాలాన్ని విభజించుకునే పద్ధతులను వివరించాడు. పుదుచ్చేరిలో ఒక పంచాంగకర్త గవ్వలతో 1825 జూన్ 1 ప్రాంతపు చంద్రగ్రహణాన్ని గణించగా, ఆరంభ సమయం నాలుగు నిమిషాల తేడాతో సరిపోయింది. మధ్య, అంత్య కాలాల్లో తేడా మరింత పెరిగి, చివరిది గంటకు దగ్గరైంది. శతాబ్దాలుగా పరిశీలనతో సరిదిద్దని సూత్రాలు క్రమంగా ఆకాశం నుంచి దూరమవుతాయనడానికి ఇది నిదర్శనం. వాక్య పంచాంగానికీ దృగ్గణిత పంచాంగానికీ మధ్య నేటికీ సాగే భేదానికి మూలం ఇదే. 1952లో గణిత చరిత్రకారుడు ఒట్టో నాయ్‌గెబావర్ వారెన్ వివరణను అధ్యయనం చేసి, ఈ పద్ధతికీ ప్రాచీన బాబిలోనియా గణితానికీ ఉన్న పోలికలను చూపాడు.

శుక్రుడు మళ్లీ 1874 డిసెంబరు 9న సూర్యబింబంపై కనిపించాడు. ఈసారి తూర్పు తీరంలో ఓడ కోసం నిరీక్షించవలసిన అవసరం రాలేదు. గోడే వెంకట జగ్గారావు విశాఖపట్నంలో నెలకొల్పిన సొంత వేధశాల నుంచి ఆయన అల్లుడు అంకితం వెంకట నరసింగరావు ఆ అంతర్యానాన్ని పరిశీలించి, ఫలితాలను లండన్‌లోని రాయల్ ఆస్ట్రనామికల్ సొసైటీకి పంపాడు. అంతకు ఆరేళ్ల ముందు, 1868 ఆగస్టు 18 సంపూర్ణ సూర్యగ్రహణాన్ని ఫ్రెంచ్ శాస్త్రవేత్త జాన్సెన్ గుంటూరులో అధ్యయనం చేశాడు. హీలియం ఆవిష్కరణ చరిత్రలో ఆ గ్రహణానిది ముఖ్య స్థానం.

2004, 2012 అంతర్యానాలను భారతీయులు లక్షల సంఖ్యలో వీక్షించారు. తదుపరిది 2117 డిసెంబరులో రానుంది. లె జాంతీ వేధశాల నిలిచిన కోట ఆనవాళ్లు నేటి పుదుచ్చేరి నడిబొడ్డున, భారతి పార్కు పరిసరాల్లో కలిసిపోయాయి. ఆయన గవ్వలతో నేర్చుకున్న లెక్క మాత్రం ఫ్రెంచ్ అకాడమీ సంపుటాల్లో పదిలంగా ఉంది. ఆ పద్ధతిలో గణించే వాక్య పంచాంగం తమిళనాట ఇప్పటికీ ఏటా వెలువడుతోంది.